పాత డిఎల్ఎల్ ఫైళ్లు, కొత్త స్పూలర్: ఒక అడ్తి కార్యాలయంలో ప్రింటింగ్ ఆగిపోయిన కేసు

వరంగల్ ఏనుమాముల మార్కెట్‌లో మిర్చి, పత్తి వ్యాపారం చేసే ఒక అడ్తి కార్యాలయంలో 2024 ఫిబ్రవరిలో, సరుకు రాక ఊపందుకుంటున్న రోజుల్లో, ప్రింటింగ్ మొత్తం ఒక్కసారిగా ఆగిపోయింది. అక్కడ నాలుగు కంప్యూటర్లు ఉన్నాయి. వాటిలో గుమాస్తా కూర్చునే యంత్రానికి యుఎస్‌బి తీగతో 132 కాలమ్‌ల డాట్ మ్యాట్రిక్స్ ప్రింటర్ తగిలించి, దాన్ని మిగతా మూడింటికీ షేర్ చేశారు. రైతు సరుకు లెక్క చూపే తక్‌పట్టీలన్నీ ఆ ప్రింటర్ మీదే వస్తాయి. రైతు పేరు, బస్తాలు, తూకం, ధర, హమాలీ, దడ్వాయి (తూకం వేసేవారి) ఖర్చులు అన్నీ కార్బన్ పెట్టిన మూడు ప్రతుల కాగితం మీద ఒకే దెబ్బకు పడాలి కాబట్టి లేజర్ ప్రింటర్ ఉన్నా ఈ పనికి పనికిరాదు. గుమాస్తా యంత్రంలోనూ, మరో రెండింటిలోనూ విండోస్ 10, 22హెచ్2 వెర్షన్ ఉంది. కాంటా దగ్గరి నాలుగో యంత్రంలో విండోస్ 7 ఉంది. తూకం యంత్రాన్ని చదివే పాత సాఫ్ట్‌వేర్ దానిమీదే నడుస్తుందన్న కారణంతో ఎవరూ దాన్ని ముట్టుకోలేదు.

లక్షణాలు ఇలా ఉన్నాయి. గుమాస్తా యంత్రంలో ప్రింట్ ఆదేశం ఇస్తే ‘ప్రింటర్లు ఏవీ ఇన్‌స్టాల్ కాలేదు’ అన్న సందేశం వస్తోంది. సర్వీసుల జాబితాలో ప్రింట్ స్పూలర్, అంటే ప్రింట్ పనులను వరుసలో పెట్టి ప్రింటర్‌కు పంపే విండోస్ సర్వీసు, ఆగిపోయి ఉంది. దాన్ని మళ్లీ మొదలుపెడితే కొన్ని సెకన్లు నడిచి, షేర్ చేసిన ప్రింటర్ కోసం మిగతా యంత్రాల్లో ఏ ఒక్కటి అడిగినా వెంటనే పడిపోతోంది. ముందు రోజు రాత్రి ఆ యంత్రం నెలవారీ అప్‌డేట్ తీసుకుని రీస్టార్ట్ అయింది. అప్‌డేట్ పాడుచేసిందని కార్యాలయంలో అందరూ అనుకున్నారు. మరమ్మతుకు నన్ను పిలిచేసరికే, అప్‌డేట్‌ను వెనక్కి తీసేస్తే సరిపోతుందని కూడా వాళ్లు నిర్ణయించుకున్నారు.

ప్రింట్ ఆదేశం నడిచే దారి

ఈ కేసులో తప్పు ఎక్కడుందో అర్థం కావాలంటే విండోస్‌లో ప్రింటింగ్‌ను మోసే లైబ్రరీ ఫైళ్ల వరుస కొంత తెలియాలి. అప్లికేషన్ ప్రింట్ అనగానే మొదట కదిలేది విన్‌స్పూల్.డిఆర్‌వి అనే ఫైలు. పేరు చివర డిఆర్‌వి అని ఉన్నా అది డిఎల్ఎల్ లైబ్రరీయే, అంటే ఇతర ప్రోగ్రాములు పిలిచి వాడుకునే కోడ్ ఉన్న ఫైలే. ప్రింటర్ తెరవడం, డాక్యుమెంట్ మొదలుపెట్టడం, డేటా రాయడం వంటి ఫంక్షన్లను అప్లికేషన్లు ఈ లైబ్రరీ ద్వారా పిలుస్తాయి. ఆ పిలుపులను ఇది ఆర్‌పిసి (ఒక ప్రోగ్రాం మరో ప్రోగ్రాంలోని ఫంక్షన్‌ను పిలిచే) పద్ధతిలో స్పూల్‌ఎస్‌వి.ఇఎక్స్ఇ అనే సర్వీసుకు చేరవేస్తుంది. ఆ సర్వీసు లోపల స్పూల్‌ఎస్ఎస్.డిఎల్ఎల్ రౌటర్‌గా ఉండి, ప్రింటర్ ఇదే యంత్రానికి తగిలించినదైతే పనిని లోకల్‌ఎస్‌పిఎల్.డిఎల్ఎల్‌కు, వేరే యంత్రం షేర్ చేసినదైతే విన్32ఎస్‌పిఎల్.డిఎల్ఎల్‌కు అప్పగిస్తుంది. స్థానిక ప్రింటర్ విషయంలో ఆ తర్వాత విన్‌ప్రింట్.డిఎల్ఎల్ అనే ప్రింట్ ప్రాసెసర్, ప్రింటర్ డ్రైవర్, చివరికి డేటాను ప్రింటర్‌కు చేర్చే పోర్ట్ మానిటర్ వరుసగా పని అందుకుంటాయి. యుఎస్‌బి అయితే యుఎస్‌బిమాన్.డిఎల్ఎల్, నెట్‌వర్క్ ప్రింటర్ అయితే టిసిపిమాన్.డిఎల్ఎల్ ఆ పోర్ట్ మానిటర్ పని చేస్తాయి. పోర్ట్ మానిటర్లు స్పూలర్ సర్వీసులోకే లోడవుతాయి కనుక వాటిలో ఒకటి చెడ్డదైనా మొత్తం సర్వీసు కూలిపోతుంది.

అందువల్ల ‘స్పూలర్ పడిపోతోంది’ అనే మాట రోగం పేరు కాదు, జ్వరం లాంటిది. ఆ సర్వీసులో కూర్చున్న లైబ్రరీల్లో ఏది ఎందుకు పడగొట్టిందో చెప్పేదాకా నిర్ధారణ పూర్తికాదు.

నిర్ధారణ

మొదటి అనుమానం ఎప్పుడూ క్యూలో చిక్కుకున్న చెడ్డ జాబ్ మీదే ఉంటుంది. సర్వీసును ఆపి, సిస్టమ్32 కింద స్పూల్ ఫోల్డర్‌లోని ప్రింటర్స్ అనే ఫోల్డర్‌లో ఉన్న ఎస్‌పిఎల్, ఎస్‌హెచ్‌డి ఫైళ్లను తొలగించాను. ఎస్‌పిఎల్ ఫైలులో ప్రింట్ కావలసిన డేటా ఉంటుంది, ఎస్‌హెచ్‌డి ఫైలులో ఆ జాబ్ వివరాలుంటాయి. క్యూ ఖాళీ అయినా స్పూలర్ మళ్లీ పడిపోయింది. తర్వాతి అనుమానం బయటి కంపెనీల మానిటర్ల మీద. పాత ప్రింటర్లను తీసేసినా వాటి మానిటర్ డిఎల్ఎల్‌లు విండోస్ సెట్టింగులుండే రిజిస్ట్రీలో మిగిలిపోయి స్పూలర్‌ను కూల్చడం ఈ వృత్తిలో తరచూ కనిపించేదే. రిజిస్ట్రీలో కరెంట్‌కంట్రోల్‌సెట్ కింద కంట్రోల్, ప్రింట్, మానిటర్స్ అనే కీ తెరిచి చూస్తే విండోస్‌తో వచ్చిన మానిటర్లు తప్ప వేరేవి ఏవీ లేవు.

ఇక విండోస్ లాగ్‌లను చూపే ఈవెంట్ వ్యూయర్. అప్లికేషన్ లాగ్‌లో, ప్రోగ్రాం కూలిపోయిందని చెప్పే ఈవెంట్ 1000 వరుసగా పడి ఉంది. పడిపోయిన అప్లికేషన్ స్పూల్‌ఎస్‌వి.ఇఎక్స్ఇ, కారణమైన మాడ్యూల్ లోకల్‌ఎస్‌పిఎల్.డిఎల్ఎల్, ఎక్సెప్షన్ కోడ్ 0ఎక్స్‌సి0000005, అంటే తనది కాని మెమరీని ముట్టుకున్న తప్పు. చాలామంది ఈ మూడు వివరాలూ చదివి అక్కడితో ఆగిపోతారు. కానీ ఈవెంట్ 1000లో అప్లికేషన్ పేరు, మాడ్యూల్ పేరు పక్కన వాటి వెర్షన్ సంఖ్యలు కూడా ఉంటాయి. ఈ కేసు మొత్తం ఆ సంఖ్యల్లోనే ఉంది. విండోస్ 10 చివరి వెర్షన్లలో ఇలాంటి ఫైళ్ల వెర్షన్ 10.0.19041తో మొదలై, ఆ తర్వాత చివరి సంఖ్య అప్‌డేట్లతోపాటు పెరుగుతూ పోతుంది. 2021 ఆగస్టు 10న వచ్చిన అప్‌డేట్‌తో బిల్డ్ చివరి సంఖ్య 1165 అయింది, అదే ఏడాది సెప్టెంబరు 14 నాటి అప్‌డేట్‌తో 1237 అయింది. 2024 ఫిబ్రవరి అప్‌డేట్ తీసుకున్న యంత్రంలో ఆ సంఖ్య నాలుగు వేలు దాటి ఉండాలి. లాగ్‌లో మాత్రం స్పూల్‌ఎస్‌వికీ, లోకల్‌ఎస్‌పిఎల్‌కూ 1165 మించని సంఖ్యలు కనిపించాయి.

సిస్టమ్32 ఫోల్డర్‌లోకి వెళ్లి ఒక్కో ఫైలు వెర్షన్ చూస్తే విషయం స్పష్టమైంది. స్పూల్‌ఎస్‌వి.ఇఎక్స్ఇ, లోకల్‌ఎస్‌పిఎల్.డిఎల్ఎల్, విన్32ఎస్‌పిఎల్.డిఎల్ఎల్ అనే మూడు ఫైళ్లు 2021 నాటివి. వాటితో కలిసి పనిచేయాల్సిన స్పూల్‌ఎస్ఎస్.డిఎల్ఎల్, విన్‌స్పూల్.డిఆర్‌వి మొదలైనవన్నీ కొత్తవి. యాంటీవైరస్ వీటిని పట్టుకోకపోవడంలో వింతేమీ లేదు, ఎందుకంటే ఇవి నకిలీ ఫైళ్లు కావు. మైక్రోసాఫ్ట్ స్వయంగా విడుదల చేసిన ఫైళ్లే, కాకపోతే తమ కాలం దాటిపోయిన ఫైళ్లు. ఈ మూడింటికీ మిగతావాటికీ మధ్య జరిగే సంభాషణ బయటి ప్రోగ్రామర్ల కోసం ప్రకటించిన ఒప్పందం కాదు, ఒకే బృందం ఒకేసారి కలిపి తయారుచేసి కలిపి విడుదల చేసే లోపలి ఏర్పాటు. అందులో ఒక ఫంక్షన్‌కు పంపే సమాచారం ఆకారం మారినా దాన్ని పాత ఫైలు పాత ఆకారంలోనే చదువుతుంది, సరిగ్గా 0ఎక్స్‌సి0000005 పుట్టేది అక్కడే. రెండేళ్లకు పైగా ఈ మిశ్రమం నడిచిందంటే అన్నాళ్లూ మార్పులు ఆ మూడు ఫైళ్ల అంచులను తాకలేదని మాత్రమే అర్థం. ఫిబ్రవరి అప్‌డేట్‌ను తీసేస్తే ఆ రోజుకు ప్రింటర్ నడిచేదేమో గాని, తప్పు అప్‌డేట్‌ది కాదు.

ఆ ఫైళ్లు అక్కడికి ఎందుకు చేరాయి

దీని మూలం 2021లో ఉంది. ఆ ఏడాది విండోస్ స్పూలర్‌లో వరుసగా భద్రతా లోపాలు బయటపడ్డాయి. అన్నింటికన్నా పేరు మోసింది ప్రింట్‌నైట్‌మేర్. ప్రింటర్ డ్రైవర్ ఇన్‌స్టాల్ చేసే దారిలో దాడి చేసేవాడు తన డిఎల్ఎల్‌ను స్పూలర్ చేత లోడ్ చేయించి, సిస్టమ్ స్థాయి అధికారంతో నడిపించగలిగేవాడు. దానికి జూలైలో అత్యవసర అప్‌డేట్ వచ్చింది, ఆగస్టు నుంచి డ్రైవర్ ఇన్‌స్టాల్ చేయాలంటే అడ్మినిస్ట్రేటర్ అనుమతి తప్పనిసరి అయింది. ఇంకో లోపానికి సంబంధించి, షేర్ చేసిన ప్రింటర్‌తో మాట్లాడే ఆర్‌పిసి సంభాషణ ఎన్‌క్రిప్షన్‌తో కూడిన ప్రామాణీకరణతోనే సాగాలన్న నిబంధన సెప్టెంబరు 14 అప్‌డేట్ నుంచి డిఫాల్ట్‌గా అమల్లోకి వచ్చింది. ప్రింటర్ తగిలించిన యంత్రం అప్‌డేట్ తీసుకుని, అవతలి యంత్రం తీసుకోకపోతే కనెక్షన్ కుదరదు. అప్పుడు వచ్చే తప్పు సంఖ్య 0ఎక్స్0000011బి. ఆ రోజుల్లో షేర్డ్ ప్రింటర్లున్న చిన్న కార్యాలయాల్లో పనిచేసిన టెక్నీషియన్లకు ఈ సంఖ్యను పరిచయం చేయనక్కర్లేదు.

ఈ కార్యాలయంలో కాంటా దగ్గరి విండోస్ 7 యంత్రానికి ఉచిత మద్దతు 2020 జనవరి 14తోనే ముగిసింది. దానికి ఆ అప్‌డేట్ వచ్చే దారే లేదు. గుమాస్తా యంత్రం అప్‌డేట్ తీసుకున్న రోజు నుంచి కాంటా యంత్రం నుంచి ప్రింట్ రావడం ఆగిపోయింది. అప్పట్లో వచ్చిన టెక్నీషియన్ ఒకరు, అప్‌డేట్ కాని మరో యంత్రం నుంచి పై మూడు ఫైళ్లను తెచ్చి ఇక్కడివాటి మీద పెట్టారు. ఆ సమయంలో ఈ చిట్కా విస్తృతంగా తిరిగిన మాట నిజమే, అది వెంటనే పనిచేసిన మాట కూడా నిజమే. పనిచేసింది ఎందుకంటే కొత్త నిబంధనను అమలు చేసే కోడే పాత ఫైళ్లలో లేదు. అంటే సమస్య తీరలేదు, కాపలాదారుణ్ని పంపించివేశారు. అప్‌డేట్ చరిత్రలో ఆ యంత్రం అప్పటినుంచీ పూర్తిగా తాజాగా ఉన్నట్టే కనిపిస్తూ వచ్చింది, స్పూలర్ మాత్రం 2021 ఆగస్టు నాటి లోపాలతోనే ఉంది. అప్‌డేట్ చేయని యంత్రం కన్నా ఇలాంటి యంత్రమే ప్రమాదమని నా అభిప్రాయం, ఎందుకంటే మొదటిదాన్ని చూసి కనీసం జాగ్రత్తపడతాం.

మరమ్మతు, మళ్లీ ప్రత్యక్షమైన ఫైళ్లు

పాడైన సిస్టమ్ ఫైళ్లను సరిచేయడానికి విండోస్‌లోనే ఎస్ఎఫ్‌సి అనే సాధనం ఉంది. విన్‌ఎస్ఎక్స్ఎస్ ఫోల్డర్‌లో దాచి ఉంచిన అసలు ప్రతితో పోల్చి, తేడా ఉంటే అక్కడినుంచి తెచ్చి పెడుతుంది. ఇక్కడ అది తప్పు ఫైళ్లను కనుగొన్నది గాని, కొన్నింటిని సరిచేయలేకపోయానని ముగించింది. ఎస్ఎఫ్‌సి వివరాలు రాసే సిబిఎస్ లాగ్ తెరిచి చూస్తే ఆ ‘కొన్ని’ సరిగ్గా మన మూడు ఫైళ్లే. అసలు ప్రతి కూడా పాడైందని దాని ఫిర్యాదు.

ఇది ఎలా జరిగిందన్నది కొంత వివరంగా చెప్పాలి, ఎందుకంటే డిఎల్ఎల్‌లు మార్చే వారిలో ఎక్కువమందికి ఇది తట్టదు. సిస్టమ్32లో మనకు కనిపించే ఫైలు, విన్‌ఎస్ఎక్స్ఎస్‌లో ఉన్న ఫైలు సాధారణంగా రెండు వేర్వేరు ప్రతులు కావు. డిస్క్ మీద ఉన్నది ఒకే డేటా, దానికి హార్డ్ లింక్ ద్వారా రెండు పేర్లు. పాత ఫైలు పేరు మార్చి పక్కన పెట్టి, కొత్త ఫైలును ఆ స్థానంలో కాపీ చేస్తే విన్‌ఎస్ఎక్స్ఎస్‌లోని అసలు డేటా భద్రంగానే ఉంటుంది. అలా కాకుండా ఓనర్‌షిప్ లాక్కుని, కమాండ్ లైన్‌లో కాపీ ఆదేశంతో నేరుగా దాని మీదే రాసేస్తే, ఉన్న డేటాలోకే కొత్త బైట్లు వెళ్తాయి. రెండో పేరుతో వెళ్లి చూసినా కనిపించేది అదే పాడైన డేటా. ఎఫ్ఎస్‌యుటిల్ ఆదేశంలోని హార్డ్‌లింక్ లిస్ట్‌తో లోకల్‌ఎస్‌పిఎల్.డిఎల్ఎల్‌ను అడిగితే రెండు దారులూ చూపించింది. అంటే ఇక్కడ జరిగింది రెండో రకం మార్పిడి, మందుల అరలో ఉన్న సీసాలో కూడా అదే కల్తీ.

అలాంటప్పుడు డిజమ్ సాధనంలోని రిస్టోర్‌హెల్త్ ఆదేశం ఉపయోగపడుతుంది. అది విండోస్ అప్‌డేట్ సర్వర్ నుంచి సరైన ప్రతులను దింపి, ముందుగా విన్‌ఎస్ఎక్స్ఎస్‌ను బాగుచేస్తుంది. ఇన్‌స్టలేషన్ డిస్క్‌ను మూలంగా చూపించే పద్ధతి కూడా ఉంది గాని, ఆ డిస్క్‌లో ఉన్న విండోస్ ఈ యంత్రంలోని అప్‌డేట్ స్థాయిలో లేకపోతే కావలసిన వెర్షన్ దొరక్క 0ఎక్స్800ఎఫ్081ఎఫ్ అనే తప్పుతో వెనుదిరగాల్సి వస్తుంది. అందుకే నెట్ నెమ్మదిగా ఉన్నా ఇంటర్నెట్ దారినే ఎంచుకున్నాను. డిజమ్ పూర్తయ్యాక ఎస్ఎఫ్‌సి మళ్లీ నడిపితే మూడు ఫైళ్లూ సరిపోయాయి, వెర్షన్ సంఖ్యలు మిగతావాటితో కలిశాయి, స్పూలర్ నిలబడింది, గుమాస్తా యంత్రం నుంచి తక్‌పట్టీ వచ్చింది.

మరుసటి ఉదయం గుమాస్తా నుంచి ఫోన్ వచ్చింది. “సార్, రాత్రి దాకా మంచిగనే వచ్చింది. పొద్దున కంప్యూటర్ ఆన్ చేస్తే మళ్ల అదే కథ.” వెర్షన్లు చూస్తే 2021 నాటి మూడు ఫైళ్లు యథాస్థానంలో ఉన్నాయి. ఏ లైబ్రరీ ఫైలూ తనంతట తాను వెనక్కి వెళ్లదు కనుక, బూట్ అయ్యే సమయంలో ఎవరో పెడుతున్నారన్నమాట. టాస్క్ షెడ్యూలర్‌లో వెతికితే ‘స్టార్టప్ సమయంలో, సిస్టమ్ ఖాతాతో’ నడిచే ఒక టాస్క్ దొరికింది. అది సి డ్రైవ్‌లో ఒక మూల ఫోల్డర్‌లోని బ్యాచ్ ఫైలును పిలుస్తోంది. బ్యాచ్ ఫైలులో వరుసగా స్పూలర్‌ను ఆపడం, టేక్‌ఓన్‌తో ఓనర్‌షిప్ తీసుకోవడం, ఐకాకిల్స్‌తో రాసే అనుమతి ఇచ్చుకోవడం, మూడు ఫైళ్లనూ కాపీ చేయడం, స్పూలర్‌ను మళ్లీ మొదలుపెట్టడం ఉన్నాయి. ప్రతి నెల అప్‌డేట్ కొత్త ఫైళ్లు తెస్తుంది, కాబట్టి ప్రతి బూట్‌లో పాతవి పెట్టేలా ఆ టెక్నీషియన్ పకడ్బందీగా ఏర్పాటు చేసి వెళ్లారు. పనితనం మెచ్చుకోదగ్గదే, ఉద్దేశం గురించి అలా అనలేను. ఎస్ఎఫ్‌సి ఓడిపోవడానికి కారణం కూడా దీనితో పూర్తిగా అర్థమైంది. ఆ కాపీ ఆదేశం ఏ నెలకు ఆ నెల వచ్చిన అసలు ప్రతిని పాడుచేస్తూ వచ్చింది.

టాస్క్‌ను, ఫోల్డర్‌ను తొలగించి, డిజమ్, ఎస్ఎఫ్‌సి రెండూ మళ్లీ వరుసగా నడిపి, యంత్రాన్ని పూర్తిగా ఆపి వెలిగించి, ఆ తర్వాత మాత్రమే వెర్షన్లు చూసి రాసుకున్నాను. ఫైలు మార్పిడి అనుమానం ఉన్న ఏ యంత్రంలోనైనా రీస్టార్ట్ తర్వాతి పరీక్షే పరీక్ష.

ఇక్కడ ఒక పక్కమాట. డిఎల్ఎల్ పేరుతో వెతికితే మొదట వచ్చేవి ఆ ఫైళ్లను విడివిడిగా దింపుకోమనే సైట్లు. ఆ తర్వాత ‘రెగ్‌ఎస్‌విఆర్32తో రిజిస్టర్ చేయండి’ అనే సలహా. రెగ్‌ఎస్‌విఆర్32 అనేది తనను తాను నమోదు చేసుకునే ఫంక్షన్ ఉన్న డిఎల్ఎల్‌లకు మాత్రమే వర్తిస్తుంది. స్పూలర్ సొంత లైబ్రరీలను స్పూలరే లోడ్ చేసుకుంటుంది, వాటికి ఆ తతంగం అక్కర్లేదు. ఏ సైటు నుంచి తెచ్చిన ఫైలు నిజంగా ఎవరిదన్న ప్రశ్నను అలా ఉంచినా, మీ యంత్రంలో మిగతా ఫైళ్ల వెర్షన్‌తో అది కలిసే అవకాశం దాదాపు లేదు.

కాంటా యంత్రం సంగతి

ఫైళ్లు సరికావడంతో కాంటా యంత్రంలో 0ఎక్స్0000011బి తిరిగి వచ్చింది. రావాల్సిందే. దాన్ని పోగొట్టడానికి రిజిస్ట్రీలో ఆర్‌పిసి ఆథెన్‌లెవెల్ ప్రైవసీ ఎనేబుల్డ్ అనే విలువను సున్నా చేసే దారి ఒకటి ఉంది. ఫైళ్లు మార్చడం కన్నా అది శుభ్రమైన పద్ధతే, ఏం చేశామో కనిపిస్తుంది, వెనక్కి తీసుకోవచ్చు. కానీ ఫలితం అదే, మూసిన తలుపును మళ్లీ తెరవడమే. రోజూ లక్షల రూపాయల చెల్లింపుల లెక్కలుండే యంత్రంలో దాన్ని పెట్టడానికి నేను ఒప్పుకోలేదు.

అసలు అవసరం ఏమిటని చూస్తే, కాంటా యంత్రం నుంచి ఆ డాట్ మ్యాట్రిక్స్ మీద అచ్చు పడాలి, అంతే. గుమాస్తా యంత్రం మధ్యవర్తిగా ఉండాలన్న నియమం ఏమీ లేదు. అందుకని ప్రింటర్‌ను యుఎస్‌బి నుంచి విడదీసి, నెట్‌వర్క్ తీగ తగిలే చిన్న ప్రింట్ సర్వర్ పెట్టెకు కలిపాం. దానికి స్థిరమైన ఐపి చిరునామా ఇచ్చి, నాలుగు యంత్రాల్లోనూ విడివిడిగా డ్రైవర్ వేసి, స్టాండర్డ్ టిసిపి/ఐపి పోర్ట్ సృష్టించి, రా పద్ధతిలో 9100 పోర్ట్ చూపించాం. ఇప్పుడు ప్రతి యంత్రానికీ అది స్థానిక ప్రింటరే. పని లోకల్‌ఎస్‌పిఎల్ నుంచి టిసిపిమాన్‌కు పోయి, అక్కడినుంచి నేరుగా పెట్టెకు వెళ్తుంది. విన్32ఎస్‌పిఎల్.డిఎల్ఎల్‌తో, యంత్రాల మధ్య ఆర్‌పిసితో, వాటి ప్రామాణీకరణ నిబంధనలతో ఇక సంబంధమే లేదు. గుమాస్తా యంత్రంలో ప్రింటర్ షేరింగ్ పూర్తిగా ఆపేశాం. గుమాస్తా భోజనానికి వెళ్తూ కంప్యూటర్ ఆపినా కాంటా దగ్గర ప్రింట్ ఆగకపోవడం అడగకుండా కలిసొచ్చిన లాభం.

ఈ ఏర్పాటులో ఒక చోట మాత్రం ఆగాల్సి వచ్చింది. రెండు యంత్రాల్లో ప్రింటర్ కాసేపటికి ‘ఆఫ్‌లైన్’ అని చూపించి, జాబ్‌లను క్యూలోనే పట్టి ఉంచింది, ప్రింటర్ మాత్రం చక్కగా వెలుగుతూనే ఉంది. పోర్ట్ కాన్ఫిగరేషన్‌లో ఎస్ఎన్ఎంపి స్టేటస్ అనే పెట్టెలో టిక్ ఉంటే టిసిపిమాన్ ఎప్పటికప్పుడు ప్రింటర్ యోగక్షేమం అడుగుతుంది. చవక ప్రింట్ సర్వర్ పెట్టెలు ఆ ప్రశ్నకు సరైన జవాబు చెప్పవు, అప్పుడు విండోస్ ప్రింటర్ లేదనుకుంటుంది. ఆ టిక్ తీసేయగానే సమస్య పోయింది. దానికి బదులుగా కాగితం అయిపోయిన సంగతి కంప్యూటర్ తెర మీద కనిపించదు. ప్రింటర్ పక్కనే మనిషి ఉండే కార్యాలయంలో అది పెద్ద నష్టం కాదని యజమాని ఒప్పుకున్నారు.

ప్రింటింగ్ వరకు విండోస్ 7 యంత్రం చిక్కు వీడింది గాని, ఆ యంత్రం అక్కడ ఉండటం వేరే ప్రశ్న. దానికి ఇంటర్నెట్ దారి మూసి, లోపలి నెట్‌వర్క్‌లో ప్రింట్ సర్వర్‌తోనూ, లెక్కల యంత్రంతోనూ మాత్రమే మాట్లాడేలా రౌటర్‌లో నియమం పెట్టాం. తూకం సాఫ్ట్‌వేర్ కొత్త వెర్షన్ కోసం దాని తయారీదారుతో మాట్లాడే బాధ్యత యజమాని తీసుకున్నారు. కొత్త యంత్రాలు కొనేటప్పుడు విండోస్ 11 ప్రొటెక్టెడ్ ప్రింట్ మోడ్ గురించి కూడా ఆయనకు ముందే చెప్పి ఉంచాను. ఆ మోడ్‌లో బయటి కంపెనీల డ్రైవర్లకు చోటు లేదు, ఐపిపి అనే ప్రింటింగ్ ప్రమాణంలో మాట్లాడే ప్రింటర్లే పనిచేస్తాయి, డాట్ మ్యాట్రిక్స్‌కు అది కుదరదు. కార్బన్ ప్రతులు అవసరమున్నంత కాలం ఈ కార్యాలయంలో ఆ మోడ్‌ను ఆన్ చేయకూడదు.

మార్చి అప్‌డేట్ వచ్చాక గుమాస్తా యంత్రంలో అవే ఫైళ్ల వెర్షన్లను మళ్లీ చూశాను. స్పూలర్ ఫైళ్లన్నీ కొత్త ఫైళ్లతో కలిసే ఉన్నాయి, ఈవెంట్ 1000లు మళ్లీ నమోదు కాలేదు. మిర్చి రాక అప్పటికి పూర్తి స్థాయిలో ఉంది, ప్రింటర్‌కు అవసరమైనది కొత్త రిబ్బన్ ఒక్కటే.